ప్రతివాది కార్లో ఉందండి

మా అన్నయ్య కూతురు ఈమధ్యే డిప్యూటీ తహసీల్దారుగా ఉద్యోగంలో చేరింది. చేరిన కొత్తలోనే ఫోన్ చేసి, "అత్తా, భూమి తగాదాల్లో హియరింగ్ అంటే అసలేం చెయ్యాలి? మా ఆఫీసులో అడిగితే, ఏముంది మేడమ్, ఇద్దరి చేతా సంతకాలు తీసుకోవడమే అంటున్నారు" అంది. నాకు నవ్వొచ్చింది. ఆ చెప్పినతను అబద్ధమేమీ చెప్పలేదు. నేను ఉద్యోగం చేసినన్నాళ్ళూ చాలాచోట్ల జరిగింది అదే. ఆ పిల్లకు ఫోన్‌లో చెప్పడం మొదలుపెట్టాను గానీ, పొయ్యి మీద కూర మాడుతుంటే మధ్యలో ఆపేశాను. మిగిలింది ఇక్కడ రాస్తున్నాను. ఆ కుర్చీల్లో కొత్తగా కూర్చునే మిగతా పిల్లలకూ పనికొస్తుందేమో.

నా ఉద్యోగమంతా జగ్గయ్యపేట, నందిగామ రోడ్డు మీదే తిరిగింది. జూనియర్ అసిస్టెంటుగా చేరి, ఆర్డీవో ఆఫీసులో ఏవోగా రిటైరయ్యాను. ఏవో అంటే అప్పీలు ఫైలు ఆర్డీవో గారి బల్ల మీదికి వెళ్ళేముందు చివరగా చూసే మనిషి. ప్రమోషన్ల గురించి ఇంతకుమించి రాయను, వాటి కథ నాకే విసుగు. మనుషుల పేర్లు మార్చాను. ఏ మండలమో, ఏ ఊరో చెప్పను. వాళ్ళంతా అక్కడే ఉన్నారు, నేనూ అప్పుడప్పుడూ ఆ దారినే పోతుంటాను.

వినడంలో రకాలు

చట్టం చెప్పేది చిన్న సంగతే. రికార్డులో ఒకరి భూమిని ఇంకొకరి పేరుకు మార్చేముందు, దానివల్ల నష్టపోయే మనిషికి కబురు చెయ్యాలి. వచ్చాక ఆ మనిషి చెప్పేది వినాలి. విన్నాక, ఎందుకు ఒప్పుకున్నామో ఎందుకు ఒప్పుకోలేదో రాయాలి. పిల్లలిద్దరు కొట్టుకుంటే ఇంట్లో తల్లి చేసేది కూడా దాదాపు ఇదే. కాకపోతే తల్లికి నెలనెలా టార్గెట్లు ఉండవు.

కబురంటే నోటీసు. ఇంటికి తాళం ఉంటే నోటీసు తలుపుకి అంటించి ఫొటో తీస్తే, అది అందినట్టే లెక్క. మా వైపు మిరపకోతల రోజుల్లో ఊళ్ళకి ఊళ్ళు చేలల్లోనే ఉంటాయి. తలుపుకి అంటించిన నోటీసులు ఆ రోజుల్లో ఎక్కువగా మేకలకే అందేవి. అవి మాత్రం ఏ అభ్యంతరమూ లేకుండా పూర్తిగా స్వీకరించేవి.

ఇక వినడం. నేను చేరినప్పటి తహసీల్దారు గారు వాదనలు కళ్ళు మూసుకుని వినేవారు. ఏకాగ్రత అనుకునేవాళ్ళం. ఒకరోజు గురక వినబడింది. అయ్యగారికి నిద్రాభంగం కాకూడదని రెండు పక్షాలవాళ్ళూ గొంతు తగ్గించి మాట్లాడుకున్నారు. నేను చూసిన విచారణల్లో ఇరుపక్షాలూ ఒక్కమాట మీద నిలబడింది అదొక్కటే.

తర్వాత వచ్చినాయన దీనికి పూర్తిగా ఎదురు. నోరు మంచిది కాదు. రైతుల్నీ మమ్మల్నీ ఒకే రకం తిట్లు తిట్టేవాడు, ఆ విషయంలో పక్షపాతం లేదు. కానీ ఎవరైనా వాంగ్మూలం ఇస్తే, రాసింది రాసినట్టు అవతలివాళ్ళ ఎదుట పైకి చదివి వినిపించందే సంతకం పెట్టనిచ్చేవాడు కాదు. "నువ్వు చెప్పింది ఇదేనా? కాకపోతే ఇప్పుడే చెప్పి చావు" అనేవాడు. మర్యాదగా నిద్రపోయే ఆఫీసరు కన్నా తిడుతూ వినే ఆఫీసరు నయమని నాకు అప్పుడే తెలిసింది. ఆయన నన్ను తిట్టిన తిట్లు నేను ఇంకా మర్చిపోలేదు, క్షమించనూ లేదు. అయినా పని నేర్పింది మాత్రం ఆయనే.

కొరివి పెట్టినవాడు

శేషమ్మ గారిది తెలంగాణ సరిహద్దుకు దగ్గరగా ఉన్న ఊరు. భర్త పేరున రెండెకరాల నల్లరేగడి చేను ఉండేది. పిల్లలు లేరు. భర్త పోతే, బావగారి కొడుకు శ్రీనివాసరావు తలకొరివి పెట్టాడు. మా వైపు ఇది చిన్న విషయం కాదు. పిల్లలు లేని మనిషికి కొరివి పెట్టినవాడిదే ఆస్తి అని ఊళ్ళో అందరూ అనుకుంటారు. అలాగని ఏ చట్టంలోనూ ఉండదు. చట్టం ప్రకారం ఆ చేను భార్యది. ఊళ్ళకి ఈ రెండు సంగతులూ తెలుసు, రెండింటికీ పేచీ రాకుండా ఒక దారీ తెలుసు. ఆమె ఉన్నన్నాళ్ళూ ఆమెది, తర్వాత అతనిది.

శ్రీనివాసరావుకి ఆ తర్వాత దాకా ఆగే ఓపిక లేకపోయింది. బాబాయి బతికుండగానే చేను తనకు నోటిమాటగా ఇచ్చేశాడని, కొరివి పెట్టింది కూడా తనేనని, రికార్డులో తన పేరు ఎక్కించమని మండలాఫీసులో దరఖాస్తు పెట్టాడు. మనిషి చెడ్డవాడు కాదు, అది ముందే చెప్పాలి. ఎరువుల కొట్టు ఉంది, ఒక కారు ఉంది. పిన్నిని తన ఇంట్లోనే ఉంచుకుని, ఆమె మోకాళ్ళ నొప్పులకు మందులు తెచ్చిపెట్టేదీ అతనే. చెడ్డవాళ్ళతో మా శాఖకి అంత ఇబ్బంది లేదు, వాళ్ళని చూడగానే జాగ్రత్తపడతాం. మంచివాళ్ళ దగ్గరే మోసపోతాం.

నోటీసు శేషమ్మ గారి పేరునే వెళ్ళింది. ఆమె సంతకం వరకే చదువుకుంది. ఇంట్లో కాగితాలు చదివిపెట్టేది శ్రీనివాసరావే. "పాసుపుస్తకం పని పిన్నీ, ఆఫీసు దాకా వచ్చి ఓ సంతకం పెట్టాలి" అన్నాడట. వాయిదా రోజున ఆమెను కారెక్కించుకుని, దారిలో ఇడ్లీ తినిపించి, మండలాఫీసు ఆవరణలో నీడ చూసి కారు ఆపి, ఏసీ వేసి ఉంచి, తను లోపలికి వెళ్ళాడు. లోపల జరిగింది అక్కడి గుమాస్తా తర్వాత నాకు చెప్పాడు.

"ప్రతివాది ఎక్కడయ్యా?" అని తహసీల్దారు అడిగారు.

"ప్రతివాది కార్లో ఉందండి. మా పిన్నేనండి. మోకాళ్ళ నొప్పులు, మెట్లెక్కలేదు."

"ఆమెకేమన్నా అభ్యంతరాలున్నాయా?"

"ఏం లేవండి. కనుక్కునే వచ్చా."

హాజరు కాగితం కారు దగ్గరికే వెళ్ళింది. ఆమె అద్దం దించి, సంతకం పెట్టి, మళ్ళీ అద్దం ఎత్తుకుంది. ఉభయ పక్షాలూ హాజరయ్యారని, ఉభయ పక్షాలనూ విచారించడమైనదని, అభ్యంతరాలు లేవని ఉత్తర్వు వచ్చింది. ఇందులో ఇది అబద్ధమని ఏ మాటనీ వేలు పెట్టి చూపించలేం. ఉభయ పక్షాలూ ఆవరణలోనే ఉన్నారు. ఉభయ పక్షాల మాటా వినబడింది. కాకపోతే రెండూ ఒకే నోట్లోంచి వినబడ్డాయి.

ఇదేదో పెద్ద కుట్ర అనుకోకండి. ఆడవాళ్ళ పొలాల కేసుల్లో ఇది మాకు పాత అలవాటు. ఆడమనిషి వస్తే వెంట ఒక మగమనిషి ఉంటాడు. ఆఫీసరు ప్రశ్న ఆమెను అడిగి, జవాబు కోసం అతని వైపు తిరుగుతాడు. ఆ మాటకొస్తే, ఆఫీసరు కుర్చీలో నేను కూర్చుని ఉండగా, నన్ను దాటి నా వెనక నిలబడ్డ మగ గుమాస్తాకి గోడు చెప్పుకున్న రైతులు కూడా ఉన్నారు. శేషమ్మ గారి కేసులో తేడా అల్లా, వెంట వచ్చిన మగమనిషే అవతలి పక్షం కావడం. అలవాటులో పడి ఆ తేడా ఎవరికీ కనపడలేదు.

కాఫీ సంగతి

ఆమెకు విషయం తెలిసింది కౌలు రైతు వల్ల. అతను కోదాడ వైపు నుంచి వచ్చి ఆ చేను చేస్తున్నాడు. ఒకరోజు వచ్చి, "అమ్మా, చేను గాయన పేరు మీదికి పోయిందంట గదా, ఇగ నేనెవరితోని మాట్లాడాలె?" అని అడిగాడట. ఆమె నమ్మలేదు. నమ్మాక అతని బండి వెనకే కూర్చుని, సోమవారం అర్జీల రోజున మా ఆఫీసుకి వచ్చింది.

మా ఆఫీసు మేడ మీద. ఆమె మెట్లెక్కలేక కింది మెట్టు మీదే కూర్చుంది. నేను టీకి దిగుతూ చూసి, పక్కనే కూర్చున్నాను. అంతా చెప్పింది. అతను మీకు అన్నం పెట్టడం లేదా అని అడిగాను.

"పెడతన్నాడమ్మా. వాడు మంచోడే, ఆ సంగతి కాదు. చేను నా పేర్న ఉన్నన్నాళ్ళూ పొద్దున లేస్తే వాళ్ళావిడే 'కాఫీ తాగారా అత్తయ్యా' అని తెచ్చిచ్చేది. పేరు మారిన కాణ్ణించి నేనే వంటింట్లోకి పోయి కాఫీ ఉందా అని అడుగుతున్నా. ఇవాళ కాఫీ అడిగా. రేపు అన్నం అడగాలి. నావల్ల కాదమ్మా."

నా ఉద్యోగంలో చాలా అప్పీళ్ళు చదివాను. లాయర్లు పేజీలకు పేజీలు కారణాలు రాస్తారు. ఇంత సూటిగా ఎవరూ రాయలేదు. ఆ మాట విని నాకు దుఃఖం వచ్చింది, దానికన్నా ఎక్కువ కోపం వచ్చింది. ఉత్తర్వు మీద అప్పీలు వెయ్యొచ్చని చెప్పి, ఎలా వెయ్యాలో వివరంగా చెప్పి పంపాను. ఒక లాయరు ద్వారా అప్పీలు వేసింది.

అదే కారు

అప్పటి మా ఆర్డీవో గారు చిన్నవాడు, చురుకైనవాడు. అప్పీళ్ళు కుప్పలుగా ఉండేవి. ఎన్ని తేల్చారని పైనుంచి వీడియో కాన్ఫరెన్సుల్లో అడుగుతుండేవారు, ఎలా తేల్చారని మాత్రం ఎవరూ అడిగేవారు కాదు. అందుకని ఆయన ఉత్తర్వు సగం ముందుగానే టైపు చేయించి ఉంచేవారు. "ఇరువురి వాదనలనూ క్షుణ్ణంగా ఆలకించిన మీదట" అనే వరకు సిద్ధంగా ఉండేది. ఏం ఆలకించామన్నది తర్వాత నింపుకునేవాళ్ళం.

శేషమ్మ గారి వాయిదా రోజున కిటికీలోంచి చూస్తే కింద ఒక కారు ఆగింది. శ్రీనివాసరావు దిగాడు. వెనక సీట్లో శేషమ్మ గారు. అప్పీలు వేసిన మనిషి, ఎవరి మీద వేసిందో అతని కార్లోనే వచ్చింది. నేను గబగబా దిగాను.

"ఏమ్మా, ఆయన మీదేగా మీ అప్పీలు? ఆయన కార్లోనే వచ్చారేంటి?"

"మరెట్టా రమ్మంటావమ్మా? మా ఊరి బస్సు పొద్దున పోతే మళ్ళీ సాయంత్రం దాకా లేదు. వాడూ ఇక్కడికేగా వచ్చేది. 'రా పిన్నీ' అన్నాడు, వచ్చా. కేసులో అవతలోడు గానీ, ఊళ్ళో మావోడేగా."

"దారిలో ఏమన్నా అన్నాడా?"

"ఇడ్లీ తినమన్నాడు. తిన్నా."

ఆమె లాయరు గారికి ఆ రోజు బెజవాడలో ఇంకేదో పని పడింది. పైన ఆర్డీవో గారు ఫైలు తెరిచి, అప్పీలుదారు ఎవరని అడిగారు. శ్రీనివాసరావు ఒకడుగు ముందుకేశాడు.

"కార్లో ఉందండి. మెట్లెక్కలేదు. ఏం చెప్పాలో నేను చెప్తానండి."

వెటకారమేమీ లేదు, నిజంగా సాయం చేద్దామనే అన్నాడు. గదిలో ఎవరూ నవ్వలేదు. ఆర్డీవో గారు తలూపి పెన్ను తీశారు. ఇక లాభం లేదని నేను కల్పించుకున్నాను.

"సార్, ఈయన ప్రతివాది."

"తెలుసండీ. బంధువులేగా, చెప్పనివ్వండి."

"కింది ఆఫీసులో కూడా ఈయనే చెప్పారు సార్. ఆమె అప్పీలు వేసిందే దాని మీద."

"మరామె పైకి రాలేనంటోంది. ఏం చేద్దామంటారు?"

"మనం దిగితే సరిపోతుంది సార్. మోకాళ్ళ నొప్పులు ఆమెకి, మనకి కాదు."

ఆయన నా వైపు చూసిన చూపు ఇంకా గుర్తుంది. కాసేపట్లో వీడియో కాన్ఫరెన్సు ఉంది. కుర్చీ వెనక్కి నెట్టి లేచారు. చిరాగ్గానే దిగారు, కానీ దిగారు. అలా దిగని ఆఫీసర్లను నేను చాలామందిని చూశాను కాబట్టి, ఆయన చిరాకును నేను లెక్కలోకి తీసుకోలేదు.

కింద నీడలో కుర్చీలు వేయించాం. ఆయనే కారు తలుపు తీసి, "అమ్మా, వచ్చి కూర్చోండి. మీరేం చెప్పాలనుకుంటున్నారో చెప్పండి" అన్నారు. ఆమె ముందు శ్రీనివాసరావు వైపు చూసింది. అది గమనించి ఆర్డీవో గారు తన కుర్చీని వాళ్ళిద్దరి మధ్యకి జరుపుకున్నారు. ఆ పని ఆయనకు ఏ శిక్షణలోనూ నేర్పి ఉండరు. నాకు ఆయన మీద ఆ నిమిషంలో గౌరవం కలిగింది.

ఆమె అన్నీ చెప్పింది. నీళ్ళు పడని బోరు, అమ్ముకున్న ఎడ్లు, వానపడితే చెప్పులు ఊడలాక్కునే ఆ నల్లమట్టి, భర్త పోయిన రోజున ఎవరెవరు వచ్చారో అదీ. కేసుకి సంబంధం లేనిదే ఎక్కువ. వినడంలో కష్టమంతా ఇక్కడే ఉంది. పనికొచ్చే ముక్క ఎప్పుడు వస్తుందో తెలీదు కాబట్టి, పనికిరానిదంతా ఓపిగ్గా వినాలి. వీడియో కాన్ఫరెన్సు వేళ దాటిపోయింది. చివరికి ఆమె ఇలా అంది.

"నా తర్వాత వాడికేనండి. ఆ సంగతి ఊరందరికీ తెలుసు. ఆయనకు కొరివి పెట్టాడు, రేపు నాకూ వాడే పెట్టాలి. నేను పోయాక వాడికి రావాల్సిన చేను, నేను కార్లో కూచునుండగానే పోయిందండి. అడిగుంటే ఏమనేదాన్నో నాకే తెలీదు. ఇచ్చేదాన్నేమో కూడా. అడగలేదు."

కాఫీ సంగతి కూడా చెప్పింది. రాసిందంతా నేను పైకి చదివి వినిపించాను, మా పాత తహసీల్దారు పద్ధతిలో, తిట్లు తీసేసి. శ్రీనివాసరావు నిలబడి విన్నాడు. కాఫీ దగ్గరికి వచ్చేసరికి తల దించుకున్నాడు.

"ఇంట్లో ఇట్టా జరుగుతందని నాకు తెలీదు పిన్నీ" అన్నాడు.

"నువ్వెప్పుడడిగావు" అంది ఆమె.

ఆర్డీవో గారు అప్పుడు అతన్ని అడిగారు. బాబాయి చేను ఇచ్చానని అన్నప్పుడు సరిగ్గా ఏమన్నాడు, ఎవరి ముందన్నాడు?

శ్రీనివాసరావు, "ఎప్పటికైనా నీదే గదరా అనేవాడండి. అంతకుమించి ఏం లేదండి" అన్నాడు. ఇది గుర్తుపెట్టుకోండి. అంతకుముందు ఆ ప్రశ్న అతన్ని కూడా ఎవరూ అడగలేదు. మండలాఫీసులో ఆమె మాట వినలేదని అందరూ అంటారు. నిజానికి అక్కడ ఇద్దరిలో ఎవరి మాటా వినలేదు.

ఆర్డీవో గారు లేస్తూ, "సరే, ఆమెను విచారించలేదు కాబట్టి ఉత్తర్వు రద్దు చేసి, మళ్ళీ విచారణకు మండలాఫీసుకే పంపుదాం" అన్నారు. మా ఆఫీసుల్లో ఇది అందరికీ ఇష్టమైన దారి. న్యాయం చేసినట్టూ ఉంటుంది, ఫైలు మన దగ్గర్నుంచి పోయినట్టూ ఉంటుంది. అలా పైకీ కిందికీ తిరిగి, బెజవాడ దాకా పోయి, పోయినప్పుడల్లా బస్సు కిటికీలోంచి పరిటాల ఆంజనేయస్వామికి దణ్ణం పెట్టుకోవడం తప్ప ఏమీ మిగలని రైతులు నాకు తెలుసు. మీరు కుర్చీలో ఉండి, కావలసినదంతా మీ ఎదుటే విని కూడా కిందికి పంపితే, అది జాగ్రత్త కాదు, పిరికితనం.

నేనేదో అనబోయేలోపు శేషమ్మ గారే అడిగింది. "అంటే, నేను మళ్ళీ కారెక్కాలా అయ్యా?"

ఆయన నవ్వి, మళ్ళీ కూర్చున్నారు. పిల్లలు లేని భర్త పొలం భార్యదేనని, నోటిమాటగా పొలం చేతులు మారదని, ఆ నోటిమాట కూడా ఇచ్చినట్టు లేదని రాయించి, రికార్డులో ఆమె పేరు ఎక్కించమని ఉత్తర్వు ఇచ్చారు. ముందుగా టైపు చేసి ఉంచిన సగం పేజీని తీసేయించారు. శ్రీనివాసరావు దాని మీద పై అధికారులకు అప్పీలు చేసుకోలేదు. ఆ రోజు, "పద పిన్నీ, ఎండ ముదురుతంది" అన్నాడు. ఇద్దరూ అదే కార్లో వెళ్ళిపోయారు.

చివరి వాయిదా

ఆ తర్వాత కూడా మా ఆర్డీవో గారు టార్గెట్ల వెంట పరిగెత్తడం మానలేదు. మనుషులు ఒక్క కేసుతో మారిపోతారని నేను చెప్పను. కానీ ఆడమనిషి పేరున ఉన్న ఫైలు వస్తే, సంతకం పెట్టబోయి ఆగి, "కింద కార్లో ఎవరన్నా ఉన్నారేమో చూసి రండి" అనేవారు. రెండు మూడుసార్లు నిజంగానే ఉన్నారు.

నేను రిటైరయ్యే ముందు ఒక పొద్దున శ్రీనివాసరావు మెట్లెక్కి వచ్చాడు. మళ్ళీ ఏం తగాదా వచ్చిందో అనుకున్నాను.

"పిన్ని కార్లో ఉందండి. మిమ్మల్ని ఓసారి రమ్మంటంది."

దిగి వెళ్ళాను. ఈసారి ముందు సీట్లో కూర్చుని ఉంది. మోకాళ్ళ డాక్టరు దగ్గరికి నందిగామ వచ్చారట, పలకరించి పోదామని ఆగారట.

"కాఫీ ఎలా ఉందమ్మా?" అని అడిగాను.

"మంచం దగ్గరికే వస్తంది. పంచదార కాస్త ఎక్కువేస్తంది, ఆ సంగతి చెప్పాలి" అంది. తర్వాత గొంతు తగ్గించకుండానే, "వీడు వీలునామా రాయమంటన్నాడు. ఈసారి నన్నడిగాడు. మొన్న వాళ్ళావిణ్ణి కూడా కూచోబెట్టి, ఎందుకు రాయాలో అంతా చెప్పాడు" అంది.

స్టీరింగు పట్టుకుని కూర్చున్న శ్రీనివాసరావు అద్దంలోంచి రోడ్డు చూస్తున్నాడు.

"మరి మీరేమన్నారు?"

"అడ్డం చెప్పకుండా మొత్తం విన్నా. ఇద్దరు చెప్పిందీ విన్నా."

"విని?"

"వాయిదా వేశా" అంది శేషమ్మ గారు. "పదరా శీనూ, ఇడ్లీ తిందాం."